ఛజ్జల్‌వాడి నుండి వాషింగ్టన్‌కు: దలీప్ సింగ్ సౌంద్ గారి జీవితము
(ఉగాది ఉత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)

 

పంచాంగ శ్రవణము ముగిసిన పిమ్మట ఎవరో ఒకరు నాలుగు మాటలు చెప్పవలెనని మన సంఘమువారు పెట్టుకొన్న ఆనవాయితీ. ఈ ఏడు నా వంతు వచ్చినది. ఆదాయము, వ్యయము, రాజపూజ్యము, అవమానము ఎవరి రాశికి ఎంతెంతో ఇప్పుడే విన్నారు. ఆ నాలుగింటినీ ఒక్క జన్మలోనే పుష్కలంగా చవిచూచిన ఒక మనిషిని గూర్చి నేను చెప్పదలచుకొన్నాను. ఆయన తెలుగువాడు కాడు, పంజాబీ. పేరు దలీప్ సింగ్ సౌంద్. అమెరికా దేశపు ప్రతినిధుల సభకు, అనగా మన లోకసభ వంటి సభకు, ఎన్నికైన మొట్టమొదటి భారతీయుడు. భారతీయుడే కాదు, ఆసియా ఖండములో పుట్టినవారిలోనే ఓటు హక్కుతో ఆ సభలో కూర్చున్న మొదటివాడు.

పంజాబీవాని కథ మన ఉగాదికి ఎందుకయ్యా అని కొందరికి తోచవచ్చును. కొంచెము ఓపిక పట్టండి.

సౌంద్ గారు 1899 సెప్టెంబరు 20న అమృతసర్ జిల్లాలోని ఛజ్జల్‌వాడి అనే పల్లెలో పుట్టినారు. తల్లిదండ్రులు బడి మొగము చూచినవారు కారు. కాని కలిగిన కుటుంబము. చదువు లేని ఆ తండ్రి తన ఊరి పిల్లలకు బడి పెట్టించినాడు. తమకు లేనిది పిల్లలకు కావలెనని తపించే తండ్రులను మన వాడలలోనూ చూచినాము గనుక ఆ మాట వేరుగా చెప్పనక్కరలేదు. తండ్రి చిన్ననాడే పోయినాడు. అయినా కుర్రవాని చదువు సాగినది. 1919లో పంజాబు విశ్వవిద్యాలయములో గణితశాస్త్రము ముఖ్యముగా బి.ఏ. పూర్తి చేసినాడు. అది జలియన్‌వాలాబాగు ఘోరము జరిగిన ఏడు. అది జరిగినది ఆయన జిల్లా కేంద్రములోనే.

ఆ మరుసటి ఏడు అమెరికాకు పోతానని ఇంట్లో చెప్పినాడు. కాశీకి పోయినవాడు కాటికి పోయినవానితో సమానమనుకొనే కాలములో అమెరికా అంటే ఇక చెప్పేదేమున్నది! రెండేండ్లు, మహా అయితే మూడేండ్లు చదివి తిరిగి వస్తానని, పండ్లను డబ్బాలలో నిలువచేసే విద్య నేర్చుకొని వచ్చి మన మామిడిపండ్లతో పరిశ్రమ పెడతానని ఇంటివారికి మాట యిచ్చినాడు. మన తాతతండ్రులు కరీంనగరము నుండి, పాలమూరు నుండి, నల్లగొండ నుండి మగ్గము పని వెదుక్కొంటూ ఈ సోలాపూరుకు వచ్చేటప్పుడు చెప్పిన మాటా ఇదే కదా! రెండు మూడేండ్లు పనిచేసి, నాలుగు రాళ్లు వెనకేసుకొని వచ్చేస్తామన్నారు. మనము ఇక్కడ పుట్టి, ఇక్కడ పెండ్లాడి, మన పిల్లలు ఇక్కడి బడులలో చదివి, ఈనాడు గుడి పాడ్వా, ఉగాది ఒక్క దినమే రెండు పేర్లతో చేసుకొంటున్నాము.

1920లో ఆయన న్యూయార్కు రేవులో దిగి కాలిఫోర్నియా చేరినాడు. ఆసియావారు వలస రాకూడదని అమెరికావారు 1917లోనే చట్టము చేసి ఉన్నారు. విద్యార్థులకు మాత్రము ఆ చట్టములో మినహాయింపు ఉండేది. ఆ సందులోనుండి ఆయన లోపలికి పోగలిగినాడు. బర్క్‌లీ విశ్వవిద్యాలయములో చేరినాడు. ఉండటానికి చోటు ఎక్కడ? స్టాక్టన్ పట్టణములో సిక్కు రైతులూ కూలీలూ 1912లో స్థాపించుకొన్న గురుద్వారా ఉన్నది. ఆ గురుద్వారావారు బర్క్‌లీలో భారతీయ విద్యార్థులకు ఒక వసతి గృహము నడిపేవారు. పొలాలలో చెమటోడ్చి సంపాదించిన కూలి డబ్బుతో, ముక్కూ మొగమూ ఎరుగని పిల్లలకు నీడ కల్పించినారన్న మాట. సంఘములు ఎందుకు, చందాలు ఎందుకు అని గొణిగేవారికి ఈ ఒక్క ముక్క చెబితే చాలును. (మన కోశాధికారిగారు నవ్వుతున్నారు. నేను ఆయన తరఫున మాట్లాడటము లేదు.)

కాలిఫోర్నియాలో భారతీయుల గాలి అప్పటికే తిరుగుతూ ఉండేది. 1913లో పుట్టిన గదర్ పార్టీకి అక్కడే కేంద్రము ఉండేది. అందులో మన తెలుగువాడు కూడా ఉన్నాడు. కనిగిరివాడైన దరిశి చెంచయ్యగారు చదువుకు పోయి ఆ పార్టీలో కలిసినారు, చెరసాల అనుభవించినారు. సౌంద్ గారు విప్లవ మార్గము పట్టలేదు. సభలలో మాట్లాడటము ఆయన పద్ధతి. ఎవరు పిలిచినా పోయి భారత స్వాతంత్ర్యమును గూర్చి ఉపన్యసించేవారు. చదువులో మాత్రము మామిడిపండ్ల డబ్బాలను వదలి గణితము వైపే మళ్లినారు. 1922లో ఎం.ఏ., 1924లో డాక్టరేటు పట్టము పొందినారు.

ఇక ఇక్కడనుండి అవమానముల ఖాతా.

అమెరికాలో పౌరసత్వము తెల్లవారికి ఇవ్వవచ్చునని 1790 నాటి చట్టము. 1870లో ఆఫ్రికా సంతతివారిని కూడా చేర్చినారు. మరి భారతీయుడు ఏ కోవకు చెందినవాడు? భగత్ సింగ్ థిండ్ అనే సిక్కు యువకుడు మొదటి ప్రపంచ యుద్ధములో అమెరికా సైన్యములో పనిచేసినవాడు. ఆయన కోర్టుకు పోయినాడు. శాస్త్రవేత్తలు మమ్మల్ని ఆర్యజాతి అంటున్నారు గనుక నేనూ ఆ కోవలోనివాడినే అని వాదించినాడు. 1923లో సుప్రీం కోర్టు తీర్పు చెప్పినది. శాస్త్రము సంగతి ఎట్లున్నా, సామాన్య జనుల వాడుకలో భారతీయుడు తెల్లవాడు కాడు, పౌరసత్వము లేదు అని. అంతటితో ఆగలేదు. అంతకు ముందే పౌరులైన భారతీయుల పట్టాలను కూడా రద్దుచేయ మొదలుపెట్టినారు. శాన్‌ఫ్రాన్సిస్కోలో వర్తకము చేసుకొనే వైష్ణోదాస్ బగాయి అనే ఆయన, పౌరసత్వము పోయి, ఆస్తి చేజారి, 1928లో ఆత్మహత్య చేసుకొన్నాడు. థిండ్ గారి వాదన నాకు నచ్చదని ఇక్కడనే చెప్పవలె. తక్కినవారు తక్కువవారని ఒప్పుకొని మనము మాత్రము ఎక్కువవారమని తలుపు తట్టటము అది. తీర్పు ఎంత అన్యాయమో వాదనా అంత బలహీనము.

తీర్పు వచ్చేనాటికి సౌంద్ గారు బర్క్‌లీలో విద్యార్థి. మరుసటి ఏటికి డాక్టరు అయినారు గాని, ఏ కళాశాలా ఉద్యోగము ఇవ్వలేదు. గణితములో డాక్టరేటు పట్టుకొని 1925లో దక్షిణ కాలిఫోర్నియాలోని ఇంపీరియల్ లోయకు పోయి, పత్తి ఏరే కూలీల ముఠాకు మేస్త్రీగా కుదిరినారు. పత్తి అంటే మన సోలాపూరువారికి వేరే వర్ణన అక్కరలేదు. ఆ లోయ సముద్రమట్టమునకు దిగువన ఉన్న ఎడారి. కొలొరాడో నది నీటిని కాలువలు త్రవ్వి తెచ్చుకొన్న మీదటనే అక్కడ పచ్చదనము పుట్టినది. ఎండలు మన మే నెలను మించుతాయి. అక్కడ పంజాబు రైతులు చాలామంది స్థిరపడినారు. స్వదేశము నుండి భార్యలను తెచ్చుకొనే వీలు లేక అనేకులు మెక్సికో స్త్రీలను పెండ్లాడినారు. ఇంట్లో రొట్టె, వీధిలో స్పానిషు. ఆ కుటుంబముల కథ వేరొక ఉపన్యాసమునకు సరిపోతుంది.

కూలీల మేస్త్రీ క్రమముగా రైతు అయినాడు. కాని భూమి కొనరాదు, కౌలుకూ తీసుకొనరాదు. పౌరసత్వానికి అర్హత లేనివారికి భూమి చెల్లదని కాలిఫోర్నియాలో 1913లో ఒక చట్టము, 1920లో ఇంకా బిగువైన చట్టము వచ్చినవి. అందుచేత అక్కడి భారతీయులు నమ్మకమైన తెల్లవారి పేర కాగితములు వ్రాయించుకొని సేద్యము చేసేవారు. దున్నేది ఒకడు, కాగితములో ఇంకొకడు. నమ్మినవాడు ముంచితే అడిగే దిక్కు లేదు. 1928లో సౌంద్ గారు చెక్ దేశపు వలస కుటుంబమునకు చెందిన మేరియన్ కోసా అనే ఆమెను వివాహమాడినారు. పౌరసత్వానికి అర్హత లేనివానిని పెండ్లాడిన అమెరికా స్త్రీ తన పౌరసత్వమును పోగొట్టుకోవలెనని అప్పటి చట్టము. మేరియన్ గారికీ అదే గతి పట్టినది. ఆ నిబంధనను 1931లో తీసివేసినారు. వారికి ముగ్గురు పిల్లలు.

1927లో కేథరిన్ మేయో అనే ఆమె భారతదేశమును తూలనాడుతూ పుస్తకము ప్రకటించినదని పెద్దలకు తెలిసియే ఉంటుంది. దానికి సమాధానముగా సౌంద్ గారు ‘మై మదర్ ఇండియా’ అనే గ్రంథము వ్రాయగా, 1930లో స్టాక్టన్ గురుద్వారావారే అచ్చువేయించినారు. పగలు పొలములో పనిచేస్తూ వ్రాసిన పుస్తకము అది.

లెట్యూస్ అనే ఆకుకూర ఆ లోయలో పెద్ద పంట. ఆర్థిక మాంద్యము వచ్చినది, ధరలు కూలినవి, సౌంద్ గారు అప్పులలో మునిగినారు. దివాలా దరఖాస్తు పెడితే ఋణము తీరిపోతుంది. చట్టము ఒప్పుకొంటుంది, చాలామంది చేసినారు. ఆయన ఒప్పుకోలేదు. ఏండ్ల తరబడి కష్టించి బాకీలు తీర్చినారు. ఇందులో గొప్పతనము ఏమున్నదని వ్యాపారస్థులు అనవచ్చును. నాకు మాత్రము ఆయన తరువాతి ఎన్నికలన్నిటికీ మూలము ఇక్కడనే ఉన్నదని తోస్తుంది. ఓటు లేనివాడు, భూమి లేనివాడు, రంగు వేరైనవాడు, ఊరిలో ఏమి కూడబెట్టుకోగలడు? అంగడివాడు నమ్మి సరుకు ఇచ్చే పరపతి ఒక్కటే. ఆయన దానిని పోనీయలేదు.

1942లో ఇతర భారతీయులతో కలసి ఇండియా అసోసియేషన్ ఆఫ్ అమెరికా అనే సంఘము పెట్టి దానికి అధ్యక్షులైనారు. చందాలు పోగుచేయుట, శాసనసభ్యులకు నచ్చచెప్పుట దాని పని. తూర్పు తీరమున న్యూయార్కులో జె.జె. సింగ్ గారు ఇదే పనిని ఇంకా పెద్ద ఎత్తున చేస్తూ ఉండేవారు. చివరకు లూస్, సెల్లర్ అనే ఇద్దరు సభ్యుల పేర చట్టము గెలిచి, 1946 జులై 2న ట్రూమన్ అధ్యక్షుడు సంతకము చేసినాడు. ఏటికి నూరుగురు భారతీయులు రావచ్చును, ఉన్నవారు పౌరులు కావచ్చును. నూరుగురు! మన వీధిలో ఒక పెండ్లికి పిలిచేవారికంటె తక్కువ. అయినా తలుపు తెరుచుకొన్నది. 1949 డిసెంబరు 16న సౌంద్ గారు అమెరికా పౌరులైనారు. ఆ దేశములో కాలుపెట్టి అప్పటికి 29 ఏండ్లు.

మరి ఆయన వయస్సు? యాభై. మనలో ఈ వయస్సుకు పిల్లల పెండ్లిండ్లు చేసి తీర్థయాత్రల మాట తలపెడతారు. ఆయన మరుసటి ఏడే వెస్ట్‌మోర్లాండ్ అనే చిన్న ఊరిలో న్యాయాధికారి పదవికి నిలబడినారు. అక్కడ క్రింది కోర్టు న్యాయాధికారిని జనులే ఎన్నుకొంటారు. గెలిచినారు కూడా. కాని ఎన్నికనాటికి పౌరుడై సంవత్సరము నిండలేదని పదవి ఇవ్వలేదు. గొడవ చేయక 1952లో మళ్లీ నిలబడి మళ్లీ గెలిచినారు. ఆ ఎన్నికలో ఒక ముచ్చట ఆయనే తన ఆత్మకథలో చెప్పుకొన్నారు. నలుగురిలో ఒక ఎదుటిపక్షమువాడు లేచి, మీరు న్యాయాధికారి అయితే మీ కోర్టుకు వచ్చేవారికి తలపాగాలు మీరే ఇస్తారా, మేమే కొనుక్కోవలెనా అని ఎకసక్కెమాడినాడట. మనిషి నెత్తిమీద ఏమున్నదో నాకు పట్టదు, నెత్తిలోపల ఏమున్నదో అదే నాకు కావలెనని సౌంద్ గారు భావము వచ్చేట్లు జవాబిచ్చినారట. ఆ మాట ఊరంతా పాకినది. వెక్కిరించినవానిని నవ్వించి పంపటము అందరికీ చేతకాదు. పదవిలోకి వచ్చిన తరువాత జూదము, వ్యభిచారపు కొంపలు, మత్తుపదార్థముల వ్యాపారము మీద కఠినముగా వ్యవహరించి ఊరిని బాగుచేసినారని పేరు తెచ్చుకొన్నారు.

1956లో డెమొక్రటిక్ పార్టీ తరఫున కాంగ్రెసుకు నిలబడినారు. రివర్‌సైడ్, ఇంపీరియల్ అనే రెండు జిల్లాలు కలిసిన నియోజకవర్గము. ముందుగా స్వపక్షములోని ప్రత్యర్థియే అడ్డు తగిలినాడు. ప్రతినిధి కావలెనంటే పౌరుడై ఏడేండ్లు నిండవలెనని రాజ్యాంగము. సౌంద్ గారికి నిండలేదని కోర్టుకు పోయినాడు. కోర్టులో అది నిలువలేదు. లెక్క చూచుకొంటే, సభ కూడే 1957 జనవరి 3 నాటికి ఏడేండ్లు నిండి పైన 18 దినములు! గణితశాస్త్ర డాక్టరుగారికి చదువు ఎక్కడ అక్కరకు వచ్చినదో చూడండి.

ఎదుటి పక్షమున నిలిచినది సామాన్యురాలు కాదు. జాక్వెలిన్ కాక్రన్. 1953లో శబ్దవేగమును మించి విమానము నడిపిన మొదటి స్త్రీ. రెండవ ప్రపంచ యుద్ధములో స్త్రీ వైమానికుల దళమునకు నాయకురాలు. భర్త కోటీశ్వరుడు. చిన్ననాడు పత్తి మిల్లులో కూలిచేసిన దానినని ఆమె చెప్పుకొనేది. ఆమెనూ తక్కువచేసి మాట్లాడటము నాకు ఇష్టము లేదు. ఆమె తన విమానములో ఊరూరా దిగేది. ఇటు సౌంద్ గారు, భార్య, పిల్లలు ఇల్లిల్లూ తిరిగి తలుపులు తట్టినారు, ఓటర్లను నమోదు చేయించినారు, విందులు పెట్టి జనులను కలిసినారు. ఆ ఏడు దేశమంతటా, కాలిఫోర్నియాలో కూడా, రిపబ్లికన్ పక్షపు ఐసెన్‌హోవర్ గాలి వీచినది. ఆ గాలికి ఎదురీది సౌంద్ గారు 3 వేల పైచిలుకు ఓట్లతో గెలిచినారు. అప్పటికి ఆ నియోజకవర్గములో భారతీయులు పిడికెడుమంది. వారి ఓట్లతో గెలుపు అసాధ్యము. రైతులు, కూలీలు, అంగడివారు, ముప్పది ఏండ్లుగా ఆయనను చూస్తున్నవారు ఓటు వేసినారు. ఇంట గెలిచి రచ్చ గెలువమన్నారు మనవారు. ఈయన రచ్చనే ఇల్లు చేసుకొని గెలిచినాడు.

తొలి దఫాలోనే విదేశ వ్యవహారముల సంఘములో చోటు దొరికినది. 1957లో ఆసియా దేశములలో పర్యటించి, 37 ఏండ్ల తరువాత భారతదేశములో అడుగుపెట్టినారు. ఛజ్జల్‌వాడికి పోయినారు. మూడేండ్లలో వస్తానన్న కుర్రవాడు తల నెరిసి వచ్చినాడు. అప్పుడే అమెరికాలో లిటిల్‌రాక్ అనే ఊరిలో నల్లపిల్లలను తెల్లవారి బడిలోకి రానీయక అల్లర్లు చెలరేగినవి. పోయిన దేశమల్లా ఆయనను ఆ సంగతే అడిగినారు. ఆయన దాచలేదు. ఉన్నది ఉన్నట్లు ఒప్పుకొని, అదే దేశములో నన్ను కూడా ఎన్నుకొన్నారు చూడండి అని తన్ను తానే సాక్ష్యముగా చూపేవారు. ఆ ఏడు పౌరహక్కుల బిల్లును ఆయన బలపరచినారు.

1958లోనూ 1960లోనూ గెలిచినారు. ‘కాంగ్రెస్‌మన్ ఫ్రం ఇండియా’ అనే ఆత్మకథ 1960లో వెలువడినది. పరదేశములకు అమెరికా ఇచ్చే సాయము ఏలినవారికి కాక సామాన్య జనులకు చేరవలెనని సభలో పోరినారు. 1961లో, తన పక్షమువాడే అయిన కెనడీ అధ్యక్షుడు ఆ సాయమునకై ఏండ్ల తరబడికి ఒక్కమారే అధికారము కోరగా, ఏటేటా సభ అనుమతి తీసుకోవలసినదే అని సవరణ తెచ్చి నెగ్గించినవారు కూడా సౌంద్ గారే. సాయము పొందే దేశములలో మన దేశము ముఖ్యమైనది. పుట్టిన గడ్డకు మేలు చేయవలసినవాడు ఇట్లా చేసినాడేమని ఇక్కడివారు కొందరు నొచ్చుకొని ఉండవచ్చును. కాని ఆయనకు ఓటు వేసినది ఇంపీరియల్ లోయ రైతులు. వారి పన్ను డబ్బుకు లెక్క అడగటము ఆయన విధి. జన్మభూమి మీద మమత వేరు, ఓటు వేసినవాని ఋణము వేరు. రెండూ ఎదురుపడినప్పుడు ఆయన ఏది ఎంచుకొన్నారో తెలిసినది. అది నాకు సబబుగానే తోస్తున్నది. మీలో ఒప్పుకోనివారు ఉంటే ఫలహారముల వేళ వాదించుకొందాము.

1962 మే నెలలో వాషింగ్టన్‌కు పోయే విమానములో పక్షవాతము వచ్చినది. నడక పోయినది. ఊరూరా మాట్లాడి మనుష్యులను గెలిచినవానికి మాటయే పోయినది. అయినా జూనులో జరిగిన పార్టీ ఎన్నికలో జనులు, ఆసుపత్రి మంచము మీద ఉన్న మనిషినే అభ్యర్థిగా నిలబెట్టినారు. నవంబరులో ఓడిపోయినారు. 1963 జనవరిలో పదవీకాలము ముగిసినది. ఆపైన పదేండ్లు భార్య సేవలో గడిపి 1973 ఏప్రిల్ 22న కన్నుమూసినారు.

ఆయన తరువాత మరొక భారత సంతతి మనిషి ఆ సభకు ఎన్నిక కావటానికి 2004 దాకా పట్టినది. ఆయన బాబీ జిందాల్. 2012లో ఆమీ బేరా, 2016లో ప్రమీలా జయపాల్, తరువాత మరికొందరు. హైదరాబాదులో పుట్టిన అరుణా మిల్లర్ గారు మేరీలాండ్ రాష్ట్ర శాసనసభలో కూర్చుండి, 2023లో ఆ రాష్ట్రపు లెఫ్టినెంట్ గవర్నరు పదవి స్వీకరించినారు. 2007లో సౌంద్ గారి చిత్రపటమును వాషింగ్టన్‌లోని కాపిటల్ భవనములో ఆవిష్కరించినారు.

మన సంఘములో ఒక మాట తరచుగా వింటూ ఉంటాను. పురపాలక ఎన్నికలు వచ్చినప్పుడల్లా, మనము బయటివారము, మనకెందుకయ్యా అని. మూడు తరములైనది. ఇంకా తామరాకు మీద నీటిబొట్టువలె ఉందామంటే, మన వాడలో నీళ్ల కుళాయి సంగతి ఎవరు అడుగుతారు? పొరుగు మరాఠీ సోదరుని వాడలోని కుళాయి సంగతి మనమెప్పుడైనా అడిగినామా? సౌంద్ గారు తన వారి హక్కులకై సంఘము పెట్టినారు, ఊరి జూదపు కొంపలనూ మూయించినారు. మొదటి పని మాత్రమే చేసి ఉంటే ఆయనను వెస్ట్‌మోర్లాండు దాటి ఎవరూ ఎరిగి ఉండరు.

ఆయన పేర కాలిఫోర్నియాలో ఒక తపాలా కార్యాలయము ఉన్నది. టెమెక్యులా అనే ఊరిలో, ఆయన ప్రాతినిధ్యము వహించిన రివర్‌సైడ్ జిల్లాలోనే. 2005లో ఆ పేరు పెట్టినారు. ఉత్తరములు వేయటానికీ, కట్టలు పంపటానికీ వచ్చేవారు ఆ బల్లమీది పేరు చదువుకొంటూ లోపలికి పోతూ ఉంటారు.